రెండు తల్లి పందులు చాలు, ఇరవై వద్దు



గూళ్ళ రేటు పడినప్పుడల్లా మన గ్రూపుల్లో ఒక వీడియో తిరుగుతుంది. కొత్త షెడ్డు, నీళ్ళతో కడిగిన తెల్ల పందులు, పక్కన నిలబడి ఒకాయన "ఏడాదికి ఇన్ని లక్షలు" అని చెప్తా ఉంటాడు. మేతకు ఎంత పడిందో చెప్పడు, ఎన్ని పిల్లలు చచ్చినాయో చెప్పడు. గూళ్ళ రేటు లేస్తే ఆ వీడియో కనబడదు, పడగానే మళ్ళీ వస్తుంది. ఈ మధ్య శిడ్లఘట్ట, చింతామణి, బాగేపల్లి వైపు నుంచి, అటు హోసూరు వైపు నుంచి కూడా అడుగుతున్నారు. "మీరు పందులు పెట్టినారు కదా, మేము కూడా ఇరవై పిల్లలు తెచ్చి వేస్తే ఎట్లుంటుంది?" అని. ఒక్కొక్కరికి ఫోన్లో చెప్పే బదులు ఇక్కడ రాస్తున్నాము.

మా మాట ముందే చెప్పేస్తాము. మల్బరీ తోట ఉన్న ఇంట్లో రెండు తల్లి పందులు పెట్టుకోవడం మంచిదే. ఇరవై పిల్లలు కొని తెచ్చి, దాణా కొని మేపి, అమ్మి లాభం చూడాలనుకోవడం మాత్రం మనలాంటి వాళ్ళకు వద్దు. ఎందుకో లెక్కతో చెప్తాము. లెక్కలో తప్పుంటే గ్రూపులోనే చెప్పండి, మాట్లాడుకుందాం.

ముందు మేపి అమ్మే లెక్క. పాలు మానిన పిల్ల సుమారు 10 కిలోలు ఉంటుంది. దాన్ని 90 కిలోలకు తెచ్చి అమ్మాలంటే 80 కిలోలు పెంచాలి. ఒక కిలో బరువు పెరగడానికి మూడున్నర నుంచి నాలుగు కిలోల దాణా పడుతుంది. అంటే ఒక పందికి 280 నుంచి 320 కిలోల దాణా. లెక్క సులువుగా ఉండేదానికి దాణా కిలో 30 రూపాయలు అనుకుందాం. ఒక పందికి 8,400 నుంచి 9,600 రూపాయలు. ఇరవై పందులకు 1,68,000 నుంచి 1,92,000. ఇందులో పిల్ల కొన్న డబ్బు లేదు, షెడ్డు లేదు, మందు లేదు, మధ్యలో చచ్చిన పిల్ల లేదు. అమ్మేనాటికి మేత ఖర్చే కిలో తూకానికి 93 నుంచి 107 రూపాయలు పడి ఉంటుంది. మీ ఊర్లో పంది ప్రాణంతో కిలో ఎంతకు పోతుందో మీకు తెలుసు. ఆ రేటు తెచ్చి దీని పక్కన పెట్టి చూడండి.

ఇంకొకటి. ఈ లక్షా ఎనభై వేలు ఐదారు నెలల పాటు మన చేతి నుంచి పోతానే ఉండాలి. మన దగ్గర గుడ్లకు, చాకికి, ఎరువుకు, కూలికి డబ్బులు పంట పంటకూ తిరిగేవి. ఒక లాటుకు రేటు రాకపోతే ఆ నెల దాణా మూటలు ఎక్కడి నుంచి తెస్తాము? పురుగుకు ఆకు తక్కువైతే గూడు పలచబడుతుంది. పందికి మేత తక్కువైతే నెలకు పెరగాల్సింది రెండు నెలలకు పెరుగుతుంది, తిన్నది మాత్రం తిన్నదే. చేతిలో డబ్బు ఆడని వాళ్ళు అక్కడే ఇరుక్కుంటారు. అప్పుడు హోటలు మిగులు, కల్యాణ మంటపం మిగులు డ్రమ్ముల్లో తెచ్చేది మొదలవుతుంది. దాని సంగతి కింద చెప్తాము.

ఇప్పుడు తల్లి పంది లెక్క చూడండి. పంది చూలు మోసేది 114 రోజులు. మూడు నెలలు, మూడు వారాలు, మూడు రోజులు అని గుర్తు పెట్టుకుంటే చాలు. 56 రోజులు పాలిస్తుంది. పిల్లల్ని విడదీసిన వారంలోపు మామూలుగా మళ్ళీ ఎదకొస్తుంది. మొత్తం సుమారు ఆరు నెలలు, అంటే ఏడాదికి రెండు ఈతలు. మంచి రకమైతే ఈతకు 8 నుంచి 12 పిల్లలు వేస్తుంది. మనం 8 బతికినాయనే వేసుకుందాం, ఏడాదికి 16. తల్లి మేత చూస్తే పాలివ్వని రోజుల్లో రోజుకు రెండు కిలోల పైన, పాలిచ్చే రోజుల్లో ఐదు కిలోలు. ఏడాదికి 1,100 కిలోలు. అదే 30 రూపాయల లెక్కన 33,000. పదహారు పిల్లలకు పంచితే పిల్లకు 2,000 పైచిలుకు. దానికి పిల్లల దాణా, ఇంజెక్షన్లు, ఎద ఖర్చు కలుపుకోండి. రెండు నెలల పిల్ల సంతలో ఏ రేటుకు పోతుందో చూసి తేడా తీయండి. చూలు రోజుల్లో తల్లి మేతలో ఇంటి రాగులు, మొక్కజొన్న, తవుడు, పచ్చాకు కొంత కలపొచ్చు కాబట్టి ఆ ఖర్చు ఇంకా తగ్గించుకోవచ్చు. మేపి అమ్మే పందికి ఆ వీలు తక్కువ, దానికి గట్టి దాణా లేకపోతే బరువు రాదు.

తేడా ఎక్కడుందంటే, మేపి అమ్మే పనిలో పెట్టుబడి అంతా దాణా డబ్బు. పిల్లలు తీసే పనిలో పెట్టుబడి ఎక్కువగా మన కన్ను, మన చేయి. డబ్బు మన దగ్గర తక్కువ. కన్ను, చేయి మాత్రం రేష్మె రైతుకు ఉన్నంత ఇంకెవరికి ఉంటాయి? గుడ్లు పగిలిన రోజు నుంచి ప్రతి జ్వరానికి తేదీ రాసుకుంటాము. చాకి పురుగుకు 27, 28 డిగ్రీలు ఉందా లేదా అని అర్ధరాత్రి లేచి చూస్తాము. చెప్పులు బయట వదిలి, చేతులు కడిగి, సున్నం తొక్కి లోపలికి పోతాము. పంది పిల్లలకు కావలసింది కూడా ఇదే క్రమశిక్షణ.

ఎట్లా అంటే చెప్తాము. పడ్డను 8 నెలలు నిండి, 100 కిలోలకు దగ్గరైన తరువాతే కట్టించాలి. మొదటి ఎద వదిలేయాలి. ఎద 21 రోజులకు ఒకసారి వస్తుంది, రెండు మూడు రోజులు ఉంటుంది. రెండో రోజు ఒకసారి, పన్నెండు గంటలకు ఇంకోసారి కట్టిస్తే నిలుస్తుంది. 21వ రోజు మళ్ళీ చూడాలి, ఎద రాకపోతే చూలు అని లెక్క. ఈనే వారం ముందు తల్లిని కడిగి, సున్నం కొట్టి ఆరబెట్టిన దొడ్డిలోకి మార్చాలి. గోడకు జానెడు దూరంలో, నేలకు జానెడు ఎత్తులో ఇనుప పైపు బిగిస్తే తల్లి పడుకునేటప్పుడు పిల్ల దాని కిందికి దూరి బతుకుతుంది. పుట్టిన పిల్లల్లో ఎక్కువ పోయేది తల్లి కింద పడి, చలికి, పాలు అందక. ఈ మూడూ మొదటి మూడు రోజుల్లోనే. పుట్టిన పిల్లకు 30 డిగ్రీలకు పైన వెచ్చదనం కావాలి. మూలన బల్బు, కింద ఎండుగడ్డి ఉండాలి. మొదటి గంటల్లోనే ముర్రుపాలు తాగించాలి. మూడో రోజు ఇనుము ఇంజెక్షన్ వేయించాలి. పంది పాలల్లో ఇనుము చాలా తక్కువ, సిమెంటు నేల మీద పుట్టిన పిల్లకు మట్టి కూడా దొరకదు కాబట్టి రక్తం లేక తెల్లబడి పోతుంది. మేపడానికి ఉంచే మగ పిల్లలకు మూడు నాలుగు వారాల లోపల విత్తులు తీయించాలి.

ఈ తేదీలన్నీ మన పంట తేదీలకు అడ్డం రాకుండా పెట్టుకోవచ్చు. రెండు తల్లులు చాలు అనడానికి ఇదొక కారణం. జనవరి 1న కట్టిస్తే ఏప్రిల్ 25 దగ్గర ఈనుతుంది. ఆ వారంలో మీ పురుగు నాలుగో జ్వరం లేచి ఐదో వయసులో ఉండకూడదు. పురుగు పుట్టినప్పటి నుంచి తినే ఆకులో ఐదింట నాలుగు వంతులు ఆ ఏడెనిమిది రోజుల్లోనే తింటుంది. ఇంట్లో ఉన్న మనుషులందరూ తోటలోనే ఉంటారు. ఆ రోజుల్లో పంది ఈనితే చూసేవాళ్ళు ఉండరు. అందుకే ఎదకు వచ్చిన రోజు కాగితం మీద 114 రోజులు లెక్కేసి, చాకి తెచ్చే తేదీతో సరిచూసి, కుదరకపోతే ఒక ఎద వదిలేయండి. 21 రోజులు పోతే పోయినాయి. ఇరవై పందులు ఉంటే ఈ సర్దుబాటు కుదరదు. రోజూ రెండు పూటలా దాణా, కడగడం, పేడ ఎత్తడం ఆగవు.

ఆ పని చేసేది ఎవరు అనేది కూడా అడగాలి. పురుగుల ఇంట్లో సగానికి పైన పని ఆడవాళ్ళదే. ఆకు కోసేది, తరిగేది, పరుపు మార్చేది, పండిన పురుగు ఏరేది వాళ్ళే. పందులు వస్తే మేత కలిపేది, దొడ్డి కడిగేది కూడా వాళ్ళ మీదే పడుతుంది. వాళ్ళను అడగకుండా షెడ్డు కట్టేవాళ్ళు మన గ్రూపులోనే ఉన్నారు. అడగండి. అడిగిన తరువాత, పిల్లలు అమ్మిన డబ్బు ఎవరి చేతికి పోవాలో అది కూడా ముందే మాట్లాడుకోండి.

ఇప్పుడు మన అసలు భయం. "పందులు పెడితే పురుగులకు రోగం రాదా?" అని అందరూ అడిగేది ఇదే. పంది జబ్బు పురుగుకు రాదు, పురుగు జబ్బు పందికి రాదు. పాల రోగం, సున్నపుకట్టు, పెబ్రిన్ ఇవేవీ పంది ఒంట్లో నుంచి పుట్టవు. కానీ పంది వల్ల మన ఇంటికి వచ్చే వేరే మూడు ప్రమాదాలున్నాయి. వీడియోలో ఇవి ఎవ్వరూ చెప్పరు, వాళ్ళకు పురుగులు లేవు కాబట్టి.

మొదటిది మందు. పందికి గజ్జి, పేను వస్తాయి. దొడ్డిలో ఈగలు వస్తాయి. వాటికి షాపులో ఇచ్చేవి పురుగుల్ని చంపే మందులే. మన ఇంట్లో ఉన్నది కూడా పురుగే. దొడ్డిలో స్ప్రే కొడితే గాలికి తోట ఆకు మీద పడుతుంది, చేతికి అంటుకుని పరుపు మీదికి పోతుంది. ఆ ఆకు తిన్న పురుగు నోట్లో నుంచి నీళ్ళు కక్కుకుని మెలికలు తిరిగి చస్తుంది. అందుకే దొడ్డిలో స్ప్రే అనే మాటే వద్దు. గజ్జి మందు డాక్టరు ఇంజెక్షన్ ద్వారా ఇవ్వొచ్చు. ఈగలకు రోజూ పేడ ఎత్తి కప్పి పెట్టిన గుంతలో వేయడమే మందు.

రెండోది గాలి. పంది మూత్రం ఘాటు పురుగుకు పడదు, దగ్గరుంటే మేత మానుతుంది. మా దొడ్డి పురుగుల ఇంటికి 200 అడుగుల దూరంలో ఉంది. దూరం ఒక్కటే చూడకూడదు, గాలి కూడా చూడాలి. మన దగ్గర వానాకాలం గాలి పడమర, నైరుతి నుంచి కొడుతుంది. చలికాలం ఈశాన్యం నుంచి. కాబట్టి పురుగుల ఇంటికి నైరుతిలోనో ఈశాన్యంలోనో దొడ్డి కట్టొద్దు. వాయవ్యం లేదా ఆగ్నేయం మూల మేలు. అంత జాగా లేని వాళ్ళు పందుల ఆలోచనే మానుకోండి. ఈ మాట కఠినంగా ఉండొచ్చు, కానీ ఉన్న పంట పోగొట్టుకుని లేని దాని వెంట పడకూడదు.

మూడోది ప్యూపా. గూడు తీసిన పురుగులో సగానికి పైన మాంసకృత్తులు ఉంటాయి, కోళ్ళ మేతలో, చేపల మేతలో వాడతారు. శిడ్లఘట్టలో రీలింగ్ జరిగే చోట దొరుకుతుంది కదా, తెచ్చి పందులకు వేద్దాం అని చాలామందికి ఆలోచన. ఎండబెట్టి, నూనె తీసి, పొడి చేసి మూటలో వచ్చేది వేరే మాట. పచ్చి ప్యూపా, రీలింగ్ చెత్త మాత్రం మన ఫారంలోకి తేవొద్దు. అందులో ఎవరెవరి గూళ్ళో కలిసి ఉంటాయి. వాటితో పెబ్రిన్ రావొచ్చు, పాల రోగం రావొచ్చు, రీలింగ్ దగ్గర పోగైన చెత్తలో ఊజీ ఈగ పిల్లలు కూడా ఉండొచ్చు. మనం కిటికీలకు వల కట్టి, తలుపుకు రెండో తలుపు పెట్టి ఆపే ఊజీని మనమే సంచిలో వేసుకుని ఇంటికి తెచ్చినట్టు అవుతుంది. పైగా పచ్చిది ఒకటి రెండు రోజుల్లో కుళ్ళిపోతుంది, నూనె ఎక్కువ కాబట్టి మాంసానికి కూడా ఆ వాసన పడుతుంది.

మల్బరీ ఆకు సంగతి. ఆకు మంచి మేతే, మాంసకృత్తులు బాగా ఉంటాయి. కానీ పంది ఆవు కాదు. నాలుగు పొట్టలు లేవు, నారను అరిగించుకోలేదు. చూలు తల్లికి రోజుకు ఒకటి రెండు కిలోల లేత ఆకు దాణాతో పాటు వేస్తే బాగుంటుంది. కొమ్మలు, ముదురాకు వేసి దాణా తగ్గిస్తే తల్లి ఎండిపోతుంది. పరుపు మీద మిగిలిన ఆకు వేయొద్దు. దాని మీద సున్నం, పరుపు పొడి పడి ఉంటాయి. తోటలో మందు కొట్టిన ఆకుకు పురుగుకు ఎన్ని రోజులు ఆగుతామో పందికి కూడా అన్ని రోజులు ఆగాలి. పంది పేడ తోటకు మంచి ఎరువే, కానీ పచ్చిది వేయొద్దు. గుంతలో బాగా మాగిన తరువాతే.

ఇప్పుడు డ్రమ్ముల సంగతి. ఆఫ్రికన్ స్వైన్ ఫీవర్ అనే జబ్బు 2020లో మొదటిసారి మన దేశంలో బయటపడింది, అస్సాం, అరుణాచల్ ప్రదేశ్‌లలో. 2022లో కేరళ వయనాడుకు వచ్చింది. నీలగిరి అడవుల్లో అడవి పందులకు కూడా సోకింది. మనకు ఇది దూరం కాదు. మనిషికి రాదు. పందికి వస్తే మాత్రం దొడ్డిలో ఉన్నవి దాదాపు అన్నీ పోతాయి. మన దేశంలో దీనికి రైతుకు అందే టీకా లేదు, మందు లేదు. పంది జ్వరం అని మనం మామూలుగా అనే క్లాసికల్ స్వైన్ ఫీవర్‌కు టీకా ఉంది, రెండు నెలల వయసులో వేయించాలి. అది వేయించినాము కదా అని దీని గురించి నిశ్చింతగా ఉండకూడదు, రెండూ వేర్వేరు జబ్బులు.

ఈ జబ్బు క్రిమి పంది మాంసంలో, ఉప్పు వేసి ఎండబెట్టిన దాంట్లో, ఐసులో పెట్టిన దాంట్లో నెలల తరబడి బతుకుతుంది. హోటలు మిగులులో ఒక్క ముక్క ఉన్నా చాలు. కొనలేని దాణాకు బదులుగా డ్రమ్ము తెచ్చేవాడికి మొదట లాభం కనబడుతుంది. ఒక్కరోజు రెండు పందులు మేత ముట్టవు, చెవులు, పొట్ట ఎర్రబడతాయి, తెల్లారేసరికి ఒకటి చచ్చి ఉంటుంది. వారంలో దొడ్డి ఖాళీ. హోటలు మిగులు వాడి తీరాలంటే గంట సేపు కలుపుతా బాగా ఉడకబెట్టాలి. ఆ కట్టెల ఖర్చు, ఆ గంట సమయం లెక్కేస్తే అది చవక మేత కాదు. రెండు పందులకు డ్రమ్ము అవసరమే లేదు. ఇరవై వద్దు అని మేము అనడానికి అన్నిటికన్నా పెద్ద కారణం ఇదే.

రోగం తేలితే ఆ చోటు నుంచి ఒక కిలోమీటరు లోపల ఉన్న పందుల్ని సర్కారు చంపించి పూడుస్తుంది. పది కిలోమీటర్ల వరకు నిఘా పెడుతుంది. పరిహారం ఇచ్చేది అట్లా చంపించిన వాటికే. ముందే చచ్చిన వాటికి రాదు. అందుకని దాచిపెట్టి, బతికున్నవి రాత్రికి రాత్రే సంతకు తోలేవాళ్ళు ఉంటారు, చచ్చినవి చెరువు గట్టున పడేసేవాళ్ళు ఉంటారు. అట్లా చేస్తే తన నష్టాన్ని పది ఊళ్ళకు పంచినట్టు. పంది అనుమానంగా చచ్చిన రోజే పశువుల ఆసుపత్రికి చెప్పడం, సున్నం వేసి లోతుగా పూడ్చడం, ఆ దొడ్డి నుంచి ఒక్క పంది కూడా బయటికి పోనీయకపోవడం, ఇవి మనం ఒకరికొకరం ఇచ్చుకోవలసిన మాట.

ఆ ఒక కిలోమీటరులో ఎవరుంటారో ఆలోచించండి. మన ఊళ్ళలో కొరచ, కొరమ కుటుంబాలు, సరిహద్దు అవతల ఎరుకల వాళ్ళు తరతరాలుగా పందులు మేపి బతుకుతున్నారు. ఎద వచ్చిందా లేదా వాళ్ళు నడక చూసి చెప్తారు. మనకు తోట ఉంది, పురుగులున్నాయి, పంది పోయినా ఇంకొకటి ఉంది. వాళ్ళకు చాలామందికి అదొక్కటే. లోను తీసుకుని పెద్ద షెడ్డు కట్టి, డ్రమ్ము మేత వేసి రోగం తెప్పించినవాడు మనలో ఒకడైతే, చంపేది వాళ్ళ పందుల్ని కూడా. మన చేతిలో రెండు పందులున్నా సరే, పిల్లల్ని వాళ్ళ దగ్గర నుంచి చూసి కొనుక్కుందాం, వాళ్ళ దగ్గర నేర్చుకుందాం. పంది అనే మాట వస్తేనే గ్రూపులో నవ్వే బొమ్మలు పెట్టేవాళ్ళకు కూడా ఇదే చెప్తున్నాము. ఆ పని చేసి పిల్లల్ని చదివించిన ఇళ్ళు మన ఊర్లోనే ఉన్నాయి.

ఊర్లో అందరి ఇష్టాలు ఒకటి కాదు. పందిని ముట్టని ఇళ్ళు ఉన్నాయి, మన గూళ్ళు కొనే రీలర్లలో కూడా చాలామంది అట్లాంటి వాళ్ళే. దొడ్డి కట్టకముందే పక్క తోట వాళ్ళకు చెప్పండి. పందిని వదలకండి, నీళ్ళు వాళ్ళ వైపు పారనీయకండి. వదిలి మేపే పంది మనిషి మలం తింటే టేపు పురుగు తిత్తులు దాని మాంసంలో చేరతాయి, సరిగ్గా ఉడకని ఆ మాంసంతో పురుగు మన కడుపులోకి వస్తుంది. ఆ మనిషి మలం నుంచి గుడ్లు కూరాకుకు, నీళ్ళకు అంటి ఇంకొకరి నోట్లోకి పోతే మెదడులో తిత్తులై మూర్ఛలు తెప్పిస్తాయి. జపనీస్ మెదడువాపు క్రిమిని దోమ పంది నుంచి మనిషికి మోస్తుంది. కోలారు వైపు ఈ జబ్బు దశాబ్దాలుగా తెలిసినదే. దొడ్డి చుట్టూ నీళ్ళు నిలవనీయకండి, ఇంట్లో చిన్నపిల్లలకు ఆ టీకా వేసినారో లేదో ఆశా అక్కను అడగండి.

రకం సంగతి రెండు మాటలు. అచ్చం తెల్ల యార్క్‌షైర్ పిల్లలు ఎక్కువ వేస్తుంది, కానీ మేత, చల్లదనం ఎక్కువ అడుగుతుంది. చిన్న రైతుకు కలిపిన రకం మేలని మా అభిప్రాయం. తిరుపతి పశువైద్య విశ్వవిద్యాలయం వాళ్ళు యార్క్‌షైర్‌ను నాటు పందితో కలిపి ముప్పావు, పావు పాళ్ళలో ఒక రకం తయారు చేసినారు. తమిళనాడులో కాట్టుపాక్కం కేంద్రంలో కూడా పందుల మీద పని జరుగుతుంది. పిల్లను ఎంచుకునేటప్పుడు కనీసం 12 చన్నులు సమంగా ఉన్నాయా, తల్లి ఎన్ని పిల్లల్ని బతికించింది అని చూడండి. సంతలో మూలం తెలియని పిల్లను కొనొద్దు. ఎక్కడ కొన్నా మూడు నాలుగు వారాలు వేరే ఉంచి, ఆ తరువాతే దొడ్డిలో కలపండి.

మగ పంది చిక్కు ఒకటి ఉంది. రెండు తల్లుల కోసం పోతును మేపడం దండగ. నాలుగైదు ఇళ్ళు కలిసి ఒకదాన్ని పెట్టుకోవచ్చు, కానీ ఆ నాలుగైదు ఇళ్ళు దాటి అది పోకూడదు. రెండేళ్ళకు మార్చాలి. లేకపోతే అది పుట్టించిన ఆడ పిల్లకే మళ్ళీ కడుతుంది. పిల్లలు తగ్గుతాయి, వంకరగా పుడతాయి. సూది ద్వారా చూలు కట్టించే వీలు ఉంటే అన్నిటికన్నా అదే క్షేమం.

చివరికి సర్కారు మాట. జాతీయ పశుధన మిషన్ కింద పందులకు సగం సబ్సిడీ ఉంది. 100 తల్లులు, 10 మగ పందుల యూనిట్‌కు 30 లక్షల వరకు. తరువాత తగ్గించి 50 తల్లులు, 5 మగ పందులకు కూడా ఇచ్చినారు. మనలో 50 తల్లులు పెట్టగలవాడు ఎవడు? పెట్టగలిగితే వాడికి రేష్మె ఎందుకు? చిన్నవాడికి లక్షల సబ్సిడీ అక్కరలేదు. తాలూకు ఆసుపత్రిలో పంది జ్వరం టీకా, ఇనుము ఇంజెక్షన్, మంచి మగ పంది వీర్యం, రెండు తల్లులకు ఇన్సూరెన్స్, ఈ నాలుగు దొరికితే చాలు. ఒక ఆసుపత్రిలో మేము టీకా అడిగితే "రెండు మూడు పందులకు సీసా విప్పలేము" అన్నారు. ఆ మాటలో వాళ్ళ కష్టం కూడా ఉంది, సీసా విప్పితే ఆ రోజే అయిపోవాలి. కాబట్టి ఒక హోబళిలో ఉన్న మన చిన్న రైతులందరం ఒకే తేదీ చెప్పి అడగాలి. రేష్మె ఇలాఖా వాళ్ళతో గుడ్ల తేదీ అట్లాగే కుదుర్చుకుంటాము కదా, ఇది కూడా అట్లాగే. డాక్టరు ఒక దొడ్డి నుంచి ఇంకో దొడ్డికి పోయేటప్పుడు కాళ్ళు బ్లీచింగ్ నీళ్ళలో ముంచేది మాత్రం మరిచిపోకండి.

ఈ గ్రూపులో మేము అడిగేది మూడే. లక్షల వీడియో వస్తే ముందుకు పంపే ముందు "మేత కిలో ఎంత, ఎన్ని చచ్చినాయి" అని కింద అడగండి. తల్లి పందులు ఉన్నవాళ్ళు మీ హోబళి పేరు, ఎన్ని ఉన్నాయో రాయండి, టీకా తేదీకి పనికొస్తుంది. ఎవరి దొడ్డిలోనైనా పంది అనుమానంగా చస్తే సిగ్గుపడకుండా అదే రోజు చెప్పండి. చెప్పినవాళ్ళను గ్రూపులో ఎవరూ తప్పు పట్టకూడదు.